కాలు ఇచ్చాం, నడక ఇవ్వలేదు



కొన్నేళ్ల క్రితం ఒక మధ్యాహ్నం హాలియాలోని మా ఇంటికి ఒక పెద్దావిడ వచ్చింది. చేతిలో పాత చీర గుడ్డలో చుట్టిన పొడవాటి మూట ఉంది. "మా ఆయన పోయి నెల దాటింది సారూ. ఇది ఎవరికన్న అక్కరకొస్తదేమో అని తెచ్చిన. కొత్తదాని లెక్కనే ఉన్నది" అంటూ మూట విప్పింది. లోపల ఒక పెట్టుడు కాలు. రబ్బరు పాదం, దానికి వేళ్లు, గోళ్ల గీతలు అన్నీ చెక్కుచెదరకుండా ఉన్నాయి. మడమ అరగలేదు. తోలు పట్టీ మీద చెమట మరకైనా లేదు.

పెట్టుడు కాలు ఒకరి మొండికాలి కొలతతో తయారవుతుంది, మరొకరికి పట్టదు. ఆ మాట ఆమెతో చెప్పలేక, "ఉంచమ్మా, చూస్తాను" అని తీసుకున్నాను. ఆమె వెళ్లిన తరువాత చాలాసేపు దాన్ని చూస్తూ కూర్చున్నాను. ఇరవై ఏళ్లకు పైబడిన కాలు కొత్తదానిలా ఉండడం వైద్యుడికి సంతోషం కలిగించే విషయం కాదు. ఆ మనిషి దాన్ని తొడుక్కోలేదని అర్థం. ఆ కాలు ఇప్పించినవాణ్ణి నేనే. అది కొయ్యకు వేలాడడానికి కారణమైనవాళ్లలోనూ నేనొకణ్ణి. అందుకే ఈ వ్యాసం.

ఆయన ఎడమ కాలువ కింద వరి పొలాల్లో కూలి చేసుకునే మనిషి. 1980ల చివర్లో పాదంలో ముల్లు గుచ్చుకుంది. మధుమేహం ఉన్నట్టు అప్పటికి ఆయనకు తెలియదు. పుండు ముదిరి పాదం నల్లబడ్డాక హైదరాబాదు తీసుకుపోతే మోకాలి కింద తీసివేశారు. కొన్ని నెలల తరువాత ఒక పట్టణంలో ఉచిత కృత్రిమ అవయవాల శిబిరం జరుగుతోందని తెలిసి, చీటీ రాసి పంపాను. కొలతలు తీసుకున్నారు, కాలు బిగించారు, నాలుగు అడుగులు వేయించారు. ఆయన పెట్టుడు కాలుతో ఇల్లు చేరాడు. నేను నా బాధ్యత తీరిందనుకున్నాను.

నెల తరువాత ఆయన ఓపీకి వచ్చాడు. "సారూ, లేని కాలు గుంజుతది. రాత్రి పూట బొటనవేలు లోపలికి మడతపడ్డట్టు అయితది. ఇప్పుదామంటే యాడుంది సారూ వేలు?" అన్నాడు. బయట అరవై మంది వరుసలో ఉన్నారు. నేను నవ్వాను. "లేని కాలు ఎట్ల నొస్తదయ్యా? అంతా నీ భ్రమ. ఆ కొత్త కాలు తొడుక్కొని తిరుగు, అదే పోతది" అన్నాను. ఆయన కూడా కొంచెం నవ్వి వెళ్లిపోయాడు. ఆ తరువాత జ్వరానికి, దగ్గుకు, షుగరు మందులకు ఎన్నోసార్లు వచ్చాడు, చంకకర్రల మీద. కాలి నొప్పి మాట మాత్రం మళ్లీ ఎత్తలేదు.

మయూరి నేర్పిన పాఠం

అంతకు కొద్ది సంవత్సరాల ముందే నేను కుటుంబంతో 'మయూరి' సినిమా చూసి కళ్లు తుడుచుకుంటూ బయటికి వచ్చాను. నా వయసు వాళ్లకు ఆ చిత్రం తప్పకుండా గుర్తుంటుంది. 1985లో వచ్చింది. ఉషాకిరణ్ మూవీస్ పతాకంపై రామోజీరావు నిర్మించారు, సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వం వహించారు. ప్రమాదంలో కాలు కోల్పోయి, కృత్రిమ పాదంతో తిరిగి రంగస్థలమెక్కిన నర్తకి కథ అది. ఆ పాత్రను పోషించిన సుధాచంద్రన్‌ది స్వయంగా ఆ కథే. ఆ నటనకు ఆమెకు జాతీయ చలనచిత్ర పురస్కారాలలో ప్రత్యేక జ్యూరీ పురస్కారం లభించింది. మరుసటి ఏడాది అదే కథ 'నాచే మయూరి'గా హిందీలో వచ్చింది. అంటే బొంబాయిలో పెరిగిన ఆ భరతనాట్య కళాకారిణి జీవితాన్ని ముందుగా తెర మీద చెప్పుకున్నది మన తెలుగువాళ్లం.

జరిగిన సంగతి క్లుప్తంగా ఇది. 1981లో, సుమారు పదహారేళ్ల వయసులో, తమిళనాడులో బస్సు ప్రమాదంలో ఆమె కాళ్లకు గాయాలయ్యాయి. మొదట స్థానికంగా చికిత్స జరిగింది. తరువాత మద్రాసులో పరీక్షించేసరికి కుడి పాదానికి గ్యాంగ్రీన్ సోకినట్టు తేలింది. కుడికాలిని తొలగించవలసి వచ్చింది. ఆ తరువాత జైపూర్ పాదం అమర్చుకుని, నడక మొదలుకొని అంతా కొత్తగా నేర్చుకుని, 1984లో బొంబాయిలో మళ్లీ వేదిక మీద నాట్యం చేసింది.

ఆ రెండు సంవత్సరాల పైచిలుకు కాలమే ఈ కథలో వైద్యులు చదవవలసిన పుట. సినిమాకు ఉండేది రెండున్నర గంటలు. సాధన అందులో కొన్ని నిమిషాలే. అది సినిమా తప్పు కాదు. ఏ సినిమా అయినా అంతే చేయగలదు. కానీ చూసినవాళ్లం మాత్రం "కాలు అమర్చారు, ఆమె నాట్యం చేసింది" అని రెండు ముక్కల్లో గుర్తుపెట్టుకున్నాం. నడుమ జరిగింది మరిచిపోయాం. నర్తించబోతే మొండికాలి చర్మం ఒరుసుకుపోయి రక్తం వచ్చిన రోజుల గురించి ఆమె తరువాతి కాలంలో ఎన్నోసార్లు చెప్పింది. హాలులో కన్నీళ్లు పెట్టుకున్న నేను, ఓపీ గదిలో ఆ కూలి మనిషి ఎదురుగా కూర్చుని "కొత్త కాలు తొడుక్కొని తిరుగు" అనగలిగానంటే, ఆ సినిమా నాకు వినోదంగానే మిగిలింది, పాఠం కాలేదని అర్థం.

రబ్బరు పాదం గొప్పతనం, దాని హద్దు

జైపూర్ పాదం మన దేశపు గొప్ప వైద్య ఆవిష్కరణల్లో ఒకటి. 1968 ప్రాంతంలో జైపూర్‌లోని సవాయ్ మాన్‌సింగ్ ఆసుపత్రిలో రామచంద్ర శర్మ అనే హస్తకళా నిపుణుడు, ఎముకల శస్త్రవైద్యుడు డాక్టర్ ప్రమోద్ కరణ్ సేఠీ తదితరుల చేతుల్లో అది రూపుదిద్దుకున్నది. అప్పటికి వాడుకలో ఉన్న పాశ్చాత్య పాదానికి చీలమండ కదలదు, దాని మీద బూటు తప్పనిసరి. నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చునేవాడికి, గొంతు కూర్చుని పని చేసేవాడికి, వట్టి కాళ్లతో బురదలో దిగి నాటు వేసేవాళ్లకు అది ఏం ఉపయోగం? అందుకని వీరు లోపల మెత్తని సూక్ష్మరంధ్రాల రబ్బరు, కొంత చెక్క, పైన టైర్ల తయారీలో వాడే తీరులో గట్టిపరచిన రబ్బరు తొడుగు పెట్టి, నిజమైన పాదంలా అన్ని వైపులా వంగే పాదాన్ని తయారు చేశారు. నీళ్లలో నానినా చెడదు. చెప్పులు లేకుండా నడవవచ్చు. చెట్టు కూడా ఎక్కవచ్చు. పై భాగాన్ని మొదట్లో అల్యూమినియంతో చేసేవారు, తరువాత పొలాలకు నీరు పారించే పైపుల్లో వాడే రకం గట్టి ప్లాస్టిక్ వచ్చింది. 1981లో డాక్టర్ సేఠీకి రామన్ మెగసెసే పురస్కారం లభించింది. 1975లో స్థాపించిన భగవాన్ మహావీర్ వికలాంగ సహాయతా సమితి ఈ పాదాన్ని ఉచితంగా లక్షలాది మందికి చేర్చింది. వారికి చేతులెత్తి నమస్కరిస్తాను.

అయితే ఎంత మంచి పాదమైనా దానికి నరాలు లేవు. నేల మెత్తనో గరుకో, వేడో చల్లనో అది చెప్పదు. చీకట్లో కాలు ఎక్కడ ఉన్నదీ చెప్పదు. కళ్లు మూసుకుని కూడా మన పాదం ఎక్కడుందో మనకు తెలియడానికి కారణం, కండరాల నుంచి, కీళ్ల నుంచి, అరికాలి చర్మం నుంచి క్షణక్షణం మెదడుకు చేరే సమాచారం. భరతనాట్యంలో అరమండిలో నిలిచి తాళానికి పాదం తట్టే నర్తకికి ఆ సమాచారమే ప్రాణం. అది ఆగిపోయినప్పుడు ఏం చేయాలి? మోకాలి నుంచి, తుంటి నుంచి, మొండికాలి మీద పడే ఒత్తిడి నుంచి, నేలను తాకిన చప్పుడు నుంచి, గజ్జెల మోత నుంచి, ఎదుటి అద్దం నుంచి కొత్త సమాచారం పోగుచేసుకోవాలి. "ఈ ఒత్తిడి వచ్చిందంటే పాదం నేల తాకింది" అని మెదడు కొత్త నిఘంటువు రాసుకోవాలి. ఆ నిఘంటువు శిబిరంలో ఒక్క పూటలో తయారు కాదు. వేల అడుగులు, వేల తప్పటడుగులు కావాలి.

లేని కాలు నొస్తుందా?

నొస్తుంది. నిజంగానే నొస్తుంది. నేను నవ్విన ఆ మాటకు వైద్యశాస్త్రంలో శతాబ్దాల చరిత్ర ఉంది. పదహారవ శతాబ్దపు ఫ్రెంచి శస్త్రవైద్యుడు ఆంబ్రోయిజ్ పారే దాన్ని వర్ణించాడు. అమెరికా అంతర్యుద్ధంలో కాళ్లూ చేతులూ పోయిన సైనికులను పరిశీలించిన సైలాస్ వైర్ మిచెల్ 1871లో దానికి 'ఫాంటమ్ లింబ్' అని పేరు పెట్టాడు. మనం 'మాయ అవయవం' అనుకుందాం. అవయవం పోయినవారిలో దాదాపు అందరికీ అది ఇంకా ఉన్నట్టే తోస్తుంది. సగం మందికి పైగా నొప్పి కూడా ఉంటుంది. మంట, గుంజుడు, దురద, వేళ్లు మెలిపడినట్టు బాధ, ఇలా ఒక్కొక్కరికి ఒక్కో తీరు.

కారణం ఒక్కటే కాదు. తెగిన నరాల చివర్లు రేగుతుంటాయి. వెన్నుపాములోనూ మార్పులు వస్తాయి. అన్నిటికీ మించి మెదడులో ఆ కాలి స్థానం అలాగే ఉంటుంది. మాంట్రియల్‌లో వైల్డర్ పెన్‌ఫీల్డ్ అనే నరాల శస్త్రవైద్యుడు మెలకువగా ఉన్న రోగుల మెదడును సన్నని విద్యుత్తుతో తాకి, శరీరంలోని ఒక్కొక్క భాగానికి మెదడు మీద ఒక్కొక్క చోటు ఉన్నదని పటం గీశాడు. కాలు తీసేసినా ఆ పటంలో కాలి గడి చెరిగిపోదు. పలకరింపు రాని ఇంటిలా కొంతకాలం ఎదురుచూస్తుంది, పొరుగు గళ్ల నుంచి వచ్చే సంకేతాలను తనవిగా భ్రమపడుతుంది.

మా హాలియా నుంచి ఒక దారి నాగార్జునసాగరానికి పోతుంది. కృష్ణాతీరపు ఈ బౌద్ధ శిల్పాలను చూసినవారికి తెలుసు. పూర్వపు శిల్పులు బుద్ధుణ్ణి మనిషి రూపంలో చెక్కకుండా ఎన్నో చోట్ల పాదముద్రలు మాత్రమే చెక్కారు. మనిషి కనబడడు, కానీ అక్కడ ఉన్నాడని పాదముద్ర చెబుతుంది. మాయ అవయవం గురించి ఎవరైనా అడిగితే నేను ఈ పోలికే చెబుతాను. కాలు పోయింది, మెదడులో పాదముద్ర మిగిలింది. దాన్ని భ్రమ అని కొట్టిపారేయకూడదు.

పైగా ఆ ముద్ర మంచికీ ఉపయోగపడుతుంది. తమిళనాడులో పుట్టి, మద్రాసు స్టాన్లీ కళాశాలలో వైద్యం చదివి, అమెరికాలో స్థిరపడిన డాక్టర్ వి. ఎస్. రామచంద్రన్ 1990లలో ఒక సామాన్యమైన అద్దంతో ప్రయోగం చేశాడు. అద్దాన్ని నిలువుగా పెట్టి, మొండి భాగాన్ని దాని వెనుక దాచి, మంచి అవయవపు ప్రతిబింబాన్ని చూడమంటాడు. ప్రతిబింబం పోయిన అవయవం స్థానంలో కనిపిస్తుంది. మంచి వేళ్లు విప్పితే, మడతపడిన మాయవేళ్లు కూడా విచ్చుకున్నట్టు కొందరికి తోచింది. 2007లో అమెరికా సైనిక వైద్యులు కాలు కోల్పోయినవారితో రోజుకు పదిహేను నిమిషాల చొప్పున నాలుగు వారాలు ఇదే సాధన చేయిస్తే నొప్పి తగ్గింది. అది చిన్న అధ్యయనం. అందరికీ పనిచేస్తుందని నేను హామీ ఇవ్వను. కానీ గోడకు వేలాడే అద్దానికి ఖర్చేముంది? మా కూలి మనిషి ఇంట్లోనూ ఒక అద్దం ఉండే ఉంటుంది.

1998లో బోట్వినిక్, కోహెన్ అనే ఇద్దరు పరిశోధకులు చేసిన మరో ప్రయోగం ఇంకా ఆశ్చర్యకరం. మనిషి చేతిని తెర చాటున ఉంచి, కళ్లెదుట ఒక రబ్బరు చేతిని పెట్టారు. రెండింటినీ ఒకే సమయంలో, ఒకే తీరుగా కుంచెతో నిమిరారు. కాసేపటికి చాలామందికి ఆ రబ్బరు చేయి తమదే అనిపించింది. అయితే ఒక నియమం. కుంచె తాకిడి రెండింటికీ ఒకే లయలో ఉండాలి. లయ తప్పితే ఆ భావన బలహీనపడుతుంది.

సుధాచంద్రన్ సాధనలోని రహస్యం ఇక్కడ నాకు అర్థమవుతుంది. చూపు, చప్పుడు, ఒత్తిడి ఒకే లయలో మళ్లీ మళ్లీ కలిసినప్పుడు మెదడు రబ్బరును "నాది" అంటుంది. నాట్యమంటేనే లయ. ఆమెకు తెలిసిన విద్యే ఆమెకు చికిత్స అయింది. ఇది వైద్యుడిగా నా ఊహ, ప్రయోగంతో రుజువు చేసిన మాట కాదు.

మూడో చేయి తొడుక్కున్న మనిషి

శరీరం, యంత్రం, చైతన్యం అనగానే ఈ కాలపు కళా ప్రపంచంలో వినిపించే పేరు స్టెలార్క్. 1946లో సైప్రస్‌లో పుట్టిన ఆస్ట్రేలియా కళాకారుడు. 1980 ప్రాంతంలో తన కుడిచేతికి అదనంగా ఒక యాంత్రిక హస్తాన్ని తగిలించుకున్నాడు. కడుపు, కాలి కండరాలు బిగించినప్పుడు పుట్టే విద్యుత్ సంకేతాలతో దాన్ని ఆడించేవాడు. మూడు చేతులతో ఒకే మాటను ఒకేసారి రాసి చూపించాడు. తరువాత శస్త్రచికిత్సతో ముంజేతి మీద చెవి ఆకారాన్ని తయారు చేయించుకున్నాడు. మానవ శరీరానికి కాలం చెల్లిందని, యంత్రంతో దాన్ని మార్చుకోవాలని ఆయన వాదం.

వెర్రి అని నేను తీసిపారేయను. కండరాల విద్యుత్తుతో కదిలే చేతులు నేడు రోగులకు అందుతున్నాయి. కళాకారులు ముందుగా ఊహించినవి తరువాత వైద్యానికి పనికిరావడం కొత్త కాదు. కానీ ఆయన మాటతో నాకు పేచీ ఉంది. శరీరానికి కాలం చెల్లిందనగలిగే తీరిక అన్ని అవయవాలూ ఉన్నవాడికే దొరుకుతుంది. పదహారేళ్లకు కాలు పోయిన అమ్మాయికి ఆ తీరిక లేదు. స్టెలార్క్ యంత్రాన్ని శరీరానికి తగిలించి, శరీరం ఎంత అసంపూర్ణమో చూపించాడు. సుధాచంద్రన్ యంత్రాన్ని శరీరంలో కలుపుకొని, శరీరం ఎంత నేర్చుకోగలదో చూపించింది. ఒకరు యంత్రం శక్తిని నమ్మారు, మరొకరు అభ్యాసాన్ని. నలభై ఏళ్లు రోగులను చూసినవాడిగా నా ఓటు రెండో పక్షానికే.

అది సామానా, శరీరమా?

2021 అక్టోబరులో సుధాచంద్రన్ ఒక వీడియోలో ప్రధానమంత్రికి విన్నపం చేసుకున్నది. విమానాశ్రయంలో భద్రతా తనిఖీ వద్ద ప్రతిసారీ కృత్రిమ కాలు విప్పమంటున్నారని, ఏదైనా గుర్తింపు కార్డు ఇవ్వాలని వేడుకున్నది. భద్రతా దళం విచారం వ్యక్తం చేసింది. అదే ఏడాది డిసెంబరులో సుప్రీంకోర్టు, మానవ గౌరవం దృష్ట్యా విమానాశ్రయాల్లో కృత్రిమ అవయవాలను విప్పించకూడదని అభిప్రాయపడింది.

తనిఖీ చేసేవారికి అది లోహమూ ప్లాస్టిక్కూ కలిసిన ఒక వస్తువు. ఆమెకు అది కాలు. నలుగురిలో కాలు విప్పమనడం, నలుగురిలో బట్టలు విప్పమనడం వంటిదే. భద్రత అవసరమే, ఎవరూ కాదనరు. కానీ చూసే చూపులో తేడా ఉంది. ఆలోచిస్తే వైద్యులమైన మాదీ ఆ తనిఖీ చూపే. రోగికి ఒక వస్తువు అందించాం, పద్దులో రాసుకున్నాం, పని అయిపోయింది. అది ఆయన శరీరమయిందో లేదో మేము అడగలేదు.

లెక్క మార్చండి

నా అభిప్రాయం ఇది. కృత్రిమ అవయవాల పంపిణీలో మనం లెక్కపెడుతున్నది తప్పు అంకె. "ఈ శిబిరంలో ఇన్ని కాళ్లు ఇచ్చాం" అని రాస్తాం. ఏడాది తరువాత వాటిలో ఎన్ని నడుస్తున్నాయి, ఎన్ని అటకల మీద, కొయ్యల మీద ఉన్నాయి? ఆ అంకె కావాలి. రోగిని అడగవలసిన ప్రశ్న ఒకటే: "రోజుకు ఎన్ని గంటలు తొడుక్కుంటున్నారు?" జవాబు రెండు గంటలైతే ఎక్కడో ఒరుసుకుంటోంది, లేదా మొండికాలు చిక్కిపోయి సాకెట్ వదులైంది, లేదా మాయకాలు నొస్తోంది, లేదా మనసు ఒప్పుకోలేదు. అన్నిటికీ దారులున్నాయి, అడిగితేనే తెలుస్తాయి.

బీద దేశం, కాలు దొరకడమే గొప్ప అనేవారున్నారు. నేను కాదనను. శిబిరాలు లేకపోతే మా మండలంలో ఎంతోమంది మంచం దిగేవారు కాదు. కానీ వాడని కాలుకు పెట్టిన ఖర్చు మొత్తం వృథా. ఆ డబ్బులో కొంత, కాలు ఇచ్చిన తరువాతి ఆరు నెలల మీద పెట్టాలి. దగ్గరి ఆసుపత్రిలో ఒక ఫిజియోథెరపిస్టు, మొదటి నెలలో వారం వారం నడక అభ్యాసం, మూడో నెలా ఆరో నెలా సాకెట్ పరీక్ష, లేని కాలి నొప్పి గురించి సూటి ప్రశ్న, ఇంట్లోవాళ్లతో ఒక మాట. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం పునరావాసాన్ని ప్రభుత్వాల బాధ్యతగా పేర్కొన్నది. పునరావాసమంటే వస్తువు చేతికివ్వడం మాత్రమే కాదు.

మీ ఇంట్లో, మీ ఊళ్లో ఉంటే

మొండికాలు మానుతున్న రోజుల్లో మోకాలి కింద దిండు పెట్టకండి. మోకాలు వంగి బిగుసుకుపోతే ఏ కాలూ సరిగ్గా అమరదు. డాక్టరు చూపిన తీరున కట్టు కడుతూ ఉంటే వాపు తగ్గి ఆకారం కుదురుతుంది. గాయం పూర్తిగా మానాక మెత్తని గుడ్డతో, తరువాత తువ్వాలుతో రోజూ నిమరండి. చర్మం తాకిడికి అలవాటు పడుతుంది.

కొత్త కాలు మొదటిరోజే పొద్దంతా వద్దు. అరగంటతో మొదలుపెట్టి మెల్లగా పెంచండి. విప్పిన ప్రతిసారీ అద్దంలో మొండికాలి వెనుక భాగం కూడా చూడండి. ఎర్రని మచ్చ కాసేపటికి పోకపోయినా, పొక్కు లేచినా, తొడగడం ఆపి కాలు అమర్చినవారికి చూపించండి. మొండికాలికి తొడిగే మేజోడును రోజూ ఉతకాలి. మొదటి సంవత్సరంలో మొండికాలు చిక్కుతుంది, సాకెట్ మార్చవలసి రావచ్చు. అది మీ తప్పు కాదు.

లేని కాలు నొస్తే సిగ్గుపడకుండా చెప్పండి. మందులున్నాయి, అద్దం సాధన ఉంది. "పిచ్చా?" అని ఎవరైనా అంటే, వాళ్లకు ఈ వ్యాసం చదివి వినిపించండి.

ఇక కాళ్లు ఉన్నవారికి ఒక మాట. మధుమేహం ఉంటే రోజూ రాత్రి అరికాళ్లు, వేళ్ల సందులు చూసుకోండి. పొలంలోనైనా ఇంట్లోనైనా వట్టి కాళ్లతో తిరగవద్దు. ముల్లు గుచ్చుకుని నొప్పి తెలియలేదంటే అది అదృష్టం కాదు, నరాలు మొద్దుబారిన గుర్తు. పిండికట్టు వేసిన తరువాత నొప్పి పెరుగుతున్నా, వేళ్లు తిమ్మిరెక్కి చల్లబడినా, రంగు మారినా, కట్టు లోంచి వాసన వచ్చినా, జ్వరం తగిలినా తెల్లవారేదాకా ఆగకుండా ఆసుపత్రికి వెళ్లండి. కాలు నిలుపుకోవడం, కాలు పెట్టించుకోవడం కంటే ఎన్నో రెట్లు తేలిక.

ఆ పెట్టుడు కాలు ఇప్పటికీ నా దగ్గరే ఉంది. ఆ పెద్దావిడ తరువాత ఒకసారి బజారులో కనిపించి, "ఎవరికన్న ఇచ్చిన్రా సారూ?" అని అడిగింది. అది ఎవరికీ సరిపోదని అప్పుడు చెప్పాను. "ఆయనకే సరిపోలే, ఇంకెవరికి సరిపోతది" అన్నది. నిజానికి అది ఆయన కొలతతో చేసిందే, ఆయనకు సరిపోయేదే. సరిపోయేలా చేసుకోవడం ఆయనకు నేర్పినవాళ్లే లేరు. ఆ ముక్క ఆమెకు చెప్పే ధైర్యం నాకు ఆరోజు లేకపోయింది. ఇన్నాళ్లకు మీతో చెబుతున్నాను.

మీ వీధిలో, మీ ఊళ్లో కొయ్యకు వేలాడే కాలు ఉంటే ఆ ఇంటికి ఒకసారి వెళ్లండి. ఎందుకు తొడుక్కోవడం లేదో అడగండి. జవాబు పూర్తిగా వినండి. నవ్వకండి.

ఆరోగ్యమస్తు.